వేడి చీజ్, కరకరలాడే బ్రెడ్: అతిథులు కూర్చున్నాకే ఓవెన్ తలుపు తెరవండి

భోజనానికి ముందు అతిథుల ముందు పెట్టే వేడి చీజ్, బ్రెడ్ గురించి ఈసారి చాలా ఉత్తరాలు వచ్చాయి. దాదాపు అన్నింటిలోనూ ఒకే బాధ ఉంది: వంటగదిలో బాగున్నది బల్ల మీదికి వచ్చేసరికి పాడైపోయింది. ఒకే విషయం అడిగిన ఉత్తరాలను కలిపి, ముందుగా అందరికీ పనికివచ్చే ప్రశ్నకు వివరంగా జవాబు రాస్తున్నాను.

ప్రశ్న: ఎనిమిది మంది అతిథుల కోసం బ్యాగెట్‌ను, అంటే పొడవాటి ఫ్రెంచ్ బ్రెడ్‌ను, ముక్కలుగా కోసి, ఒక్కో ముక్క మీద బ్రీ చీజ్ పెట్టి, 220 డిగ్రీల వేడిలో ఇరవై నిమిషాలు ఉంచాను. చీజ్‌లోంచి నూనె కారి, పైన తోలులా బిగుసుకుపోయింది. బ్రెడ్ అంచులు రాయిలా అయ్యాయి, మధ్యభాగం మాత్రం తడిసిన అట్టలా ఉంది. పైగా ఇద్దరు అతిథులు అరగంట ఆలస్యంగా వచ్చారు. ఎక్కడ పొరపాటు జరిగింది?

జవాబు: మీరు చేసినవి మూడు పొరపాట్లు. వేడి ఎక్కువైంది, బ్రెడ్‌ను విడిగా కాల్చలేదు, అతిథులు రాకముందే ఓవెన్‌లో పెట్టేశారు. మూడింటిలో చివరిదే పెద్దదని నా అభిప్రాయం, ఎందుకంటే మొదటి రెండూ సరిగ్గా చేసినా మూడోది తప్పితే ఫలితం దక్కదు.

చీజ్ కరగడం వెన్న కరగడం లాంటిది కాదు. చీజ్ అంటే కాసీన్ అనే ప్రోటీన్ అల్లుకున్న వల అనుకోండి. ఆ వలను కాల్షియం ముడివేసి ఉంచుతుంది, దాని కన్నుల్లో కొవ్వు, నీరు చిక్కుకుని ఉంటాయి. సుమారు 32 డిగ్రీల దగ్గర కొవ్వు మెత్తబడి, చీజ్ మీద చిన్న చిన్న నూనె చుక్కలు మెరుస్తాయి. ఇంకా వేడెక్కితే వల సడలి చీజ్ జారడం మొదలవుతుంది. మెత్తని చీజ్‌కు ఇది 55 డిగ్రీల ప్రాంతంలో, చెడార్ లాంటి వాటికి 65 డిగ్రీల ప్రాంతంలో, బాగా ముగ్గిన పర్మిజానో లాంటి గట్టి చీజ్‌కు 80 దాటాక జరుగుతుంది. అక్కడితో ఆపకుండా వేడి పెంచుతూ పోతే, సడలిన ప్రోటీన్లు మళ్ళీ ఒకదాన్నొకటి పట్టుకుని బిగుసుకుని, లోపలి నీటినీ కొవ్వునూ బయటికి పిండేస్తాయి. మీరు చూసిన నూనె అదే, ఆ తోలు కూడా అదే. ఒకసారి అలా విడిపోయిన చీజ్ చల్లార్చినా, కలిపినా మునుపటిలా కాదు.

అందువల్ల బ్రీ, కామెంబేర్ లాంటి, తెల్లని బూజుపొర ఉన్న మెత్తని చీజ్‌లను చిన్న ముక్కలుగా బ్రెడ్ మీద పరచి ఎక్కువసేపు కాల్చడం కన్నా, గుండ్రని చీజ్ చక్రాన్ని కోయకుండా అలాగే వేడిచేసి, బ్రెడ్‌ను పక్కన పెట్టి, ఎవరికి వారు ముంచుకుని తినేలా వడ్డించడం మేలు. పైపొర లోపలి భాగాన్ని కాపాడుతుంది. చీజ్ నెమ్మదిగా వేడెక్కుతుంది, నెమ్మదిగా చల్లారుతుంది.

ఎనిమిది మందికి 250 గ్రాముల కామెంబేర్ చక్రాలు రెండు తీసుకోండి. కొనేటప్పుడు బొటనవేలితో నడిమధ్యన మెల్లగా నొక్కి చూడండి. ఈ చీజ్ తెల్లని బూజు పెరిగిన పైపొర నుంచి లోపలికి ముగ్గుతూ వస్తుంది కాబట్టి, అంచు మెత్తగా ఉండి మధ్య సుద్దముక్కలా గట్టిగా తగిలితే అది ఇంకా పచ్చిది, ఎంత వేడి చేసినా మధ్యలో గడ్డ మిగిలిపోతుంది. అంతటా సమానంగా లొంగితే సరైన అదును. ముక్కు చురుక్కుమనేలా అమ్మోనియా వాసన వస్తే అదును దాటిపోయిందని అర్థం.

చుట్టిన కాగితం పూర్తిగా తీసేయండి. ఈ చీజ్ పలుచని చెక్క పెట్టెలో వస్తుంది. 1890 ప్రాంతంలో ఫ్రాన్స్‌లో వాడుకలోకి వచ్చిన ఆ పెట్టె వల్లనే కామెంబేర్ దూర ప్రయాణాలు చేయగలిగింది. పెట్టె అడుగుభాగంలోనే చీజ్ పెట్టి కాల్చవచ్చు గానీ, జిగురుతో అతికించిన పెట్టెలు వేడికి విడిపోయి, కరిగిన చీజ్ అంతా ట్రే పాలవుతుంది. చక్రం బిగుతుగా పట్టే చిన్న పింగాణీ గిన్నె ఉంటే నేను దానికే ఓటు వేస్తాను. గిన్నె వేడిని పట్టి ఉంచుతుంది కూడా.

పైపొర మీద కత్తి కొనతో అడ్డంగా, నిలువుగా అర సెంటీమీటరు లోతున గాట్లు పెట్టి, ఆ గాట్లలో పలుచని వెల్లుల్లి తునకలు, రోజ్‌మేరీ ఆకులు గుచ్చండి. ఒక చెంచా ఆలివ్ నూనె చాలు. ఓవెన్‌ను 180 డిగ్రీలకు ముందుగానే వేడిచేసి పెట్టుకుని, పదిహేను నుంచి ఇరవై నిమిషాలు ఉంచండి. గడియారం కన్నా గిన్నెను నమ్మండి: పన్నెండో నిమిషం నుంచి గిన్నెను చిన్నగా కదిపి చూస్తూ ఉంటే, మొదట పైపొర అంతా ఒక పలకలా కదులుతుంది, తరువాత నడిమధ్య భాగం నిండు నీటికుండలా ఊగుతుంది, గాట్ల దగ్గర చిన్న బుడగలు కనిపిస్తాయి. ఆ ఊపు కనిపించగానే తీసేయండి. గిన్నె వేడికి బయట కూడా మరికొంత ఉడుకుతుంది.

ఈలోగా బ్రెడ్. సుమారు అరవై సెంటీమీటర్ల బ్యాగెట్‌ను ఒకటిన్నర సెంటీమీటర్ల మందంతో ఏటవాలుగా కోస్తే నలభై ముక్కలకు దగ్గరగా వస్తాయి, అంటే మనిషికి అయిదు. రెండువైపులా పలుచగా నూనె రాసి, అదే 180 డిగ్రీల వేడిలో అయిదారు నిమిషాలు కాల్చి, తిప్పి మరో మూడు నాలుగు నిమిషాలు ఉంచండి. అంచు బంగారు రంగుకు తిరగాలి, నడుమ వేలితో నొక్కితే కాస్త లొంగాలి. పూర్తిగా ఎండిన ముక్క చీజ్‌లో ముంచగానే విరిగి అందులోనే ఉండిపోతుంది. ముక్కలు వేడిగా ఉన్నప్పుడే ఒక వెల్లుల్లి రెబ్బను సగానికి కోసి, కోసిన వైపు బ్రెడ్ మీద రుద్దండి. కాలిన బ్రెడ్ గరుకుదనం తురుముపీటలా పనిచేసి, రెబ్బ మీ వేళ్ళ మధ్య అరిగిపోతూ, వాసన ముక్కంతా పట్టుకుంటుంది. వెల్లుల్లి వాసన గాఢంగా ఉండాలనుకుంటే ఒక్కో ముక్కకు మూడు నాలుగు సార్లు, లేకుంటే ఒక్కసారే.

ఇక ఆలస్యంగా వచ్చే అతిథుల సంగతి. కరిగిన చీజ్ బల్ల మీద పది నిమిషాలు, గిన్నె మందంగా ఉంటే పదిహేను నిమిషాలు మాత్రమే ధారగా జారుతుంది. నేను కూడా ఒకసారి దారిలో ఉన్న వారి కోసం చీజ్‌ను ఆపి, చల్లారిన దాన్ని మళ్ళీ ఓవెన్‌లో పెట్టి, రెండోసారి గిన్నెలో నూనె మడుగును, దాని కింద రబ్బరు ముద్దను అతిథుల ముందు ఉంచాల్సి వచ్చింది. అప్పటి నుంచి ఒక పద్ధతి పాటిస్తున్నాను. చీజ్‌కు గాట్లు పెట్టి గిన్నెలో సిద్ధంగా ఉంచుతాను, బ్రెడ్ కాల్చి గుడ్డ కప్పి పెడతాను, ఓవెన్ వేడెక్కి ఉంటుంది. చివరి అతిథి వచ్చి కూర్చుని, చేతిలోకి మంచినీళ్ళో పళ్ళరసమో తీసుకున్నాకే గిన్నె లోపల పెడతాను. ఆ ఇరవై నిమిషాలు మాటల్లో గడిచిపోతాయి, వెల్లుల్లి వాసన ఇల్లంతా అలముకుని ఆకలి కూడా పుడుతుంది. అతిథులు చీజ్ కోసం ఎదురుచూస్తే నష్టమేమీ లేదు. చీజ్ అతిథుల కోసం ఎదురుచూస్తేనే చిక్కు.

ప్రశ్న: ఇంట్లో ఉన్న తెల్లని పొడిపొడి చీజ్‌ను బ్రెడ్ మీద వేసి కాలిస్తే కరగనే లేదు, ఎండిపోయి ఇసుకలా రాలింది. ఏ చీజ్ కరుగుతుంది, ఏది కరగదు?

జవాబు: పాలను ఎలా విరిచారన్న దాని మీద ఇది ఆధారపడి ఉంటుంది. వేడిపాలలో పులుపు కలిపి విరిచినప్పుడు వలను పట్టి ఉంచే కాల్షియం విడిపోయి, ప్రోటీన్లు ఒకదాన్నొకటి నేరుగా గట్టిగా పట్టుకుంటాయి. వేడి తగిలితే నీరు పోతుంది తప్ప ఆ పట్టు సడలదు. రికోటా ఈ జాతిదే, మీ చీజ్ కూడా అదే కావచ్చు. అలాంటిదాన్ని కరగని గుణం చూసుకునే వాడుకోవాలి. ఉదాహరణకు రికోటాలో ఉప్పు, మిరియాలు, ఆలివ్ నూనె కలిపి, కాల్చిన బ్రెడ్ మీద మందంగా రాసి, అయిదు నిమిషాలు వేడిచేస్తే మెత్తగా, హాయిగా ఉంటుంది.

రెన్నెట్ అనే, పాలను గడ్డకట్టించే ఎంజైముతో తోడుపెట్టి చేసిన చీజ్‌లలో ఎక్కువ భాగం కరుగుతాయి. వాటిలో ఒక్కోదాని స్వభావం ఒక్కోలా ఉంటుంది. మొజరెల్లా తీగలా సాగుతుంది గానీ రుచి తక్కువ. చెడార్‌కు రుచి ఉంది, ముగ్గినకొద్దీ నూనె వదిలే అలవాటు కూడా ఉంది. గ్రుయేర్ నునుపుగా కరిగి, కాయగింజల రుచి ఇస్తుంది. నన్నడిగితే బ్రెడ్ మీదికి దానికి మించినది లేదు. పర్మిజానో తనంతట తాను ధారగా కరగదు, పైన చల్లితే మాత్రం రంగూ కరకరా ఇస్తుంది. అతిథుల కోసం నేను మొజరెల్లా రెండు పాళ్ళు, చెడార్ లేదా గ్రుయేర్ ఒక పాలు కలుపుతాను, పైన చారెడు పర్మిజానో తురుము చల్లుతాను. గడ్డగా కొని ఇంట్లోనే తురుముకోండి. ముందే తురిమి అమ్మేవాటికి ముక్కలు అంటుకోకుండా పిండిపదార్థమో సెల్యులోజో పట్టించి ఉంటారు కాబట్టి అంత నునుపుగా కలిసిపోవు.

ప్రశ్న: గుండ్రని బ్రెడ్‌ను గళ్ళుగళ్ళుగా కోసి, సందుల్లో చీజ్, వెల్లుల్లి వెన్న కూరి, తుంచుకుని తినేలా చేశాను. పైభాగం మాడింది, లోపల చీజ్ కరగలేదు. కొన్ని గళ్ళు అడుగుదాకా తెగి విడిపోయాయి కూడా.

జవాబు: అందరూ ఒకే బ్రెడ్ చుట్టూ చేరి, తలా ఒక గడి తుంచుకుని, తీగలా సాగే చీజ్‌ను వేలితో తెంపుకుంటూ తినడం చూస్తే నాకు ఎంతో సంతోషంగా ఉంటుంది. కొద్దిపాటి మార్పులతో మీకు కూడా కుదురుతుంది, వదిలేయకండి.

ముందు రోజు కాల్చిన, పైపొర గట్టిగా ఉన్న అరకిలో గుండ్రని బ్రెడ్ ఎంచుకోండి. పొరపాటున కూడా మెత్తని పాలబ్రెడ్ వద్దు, వెన్నకు నానిపోయి కూలబడుతుంది. కోసేటప్పుడు బ్రెడ్‌కు రెండు పక్కలా రెండు చెక్క గరిటెల కాడలు ఉంచి, రంపపు పళ్ళ కత్తితో కోస్తే కత్తి కాడలకు తగిలి ఆగిపోతుంది. అడుగున ఒకటిన్నర, రెండు సెంటీమీటర్లు తెగకుండా మిగులుతుంది. గీతకూ గీతకూ మధ్య రెండున్నర సెంటీమీటర్లు ఉండాలి. అంతకన్నా దగ్గరైతే గళ్ళు చిన్నవై మాడతాయి, దూరమైతే లోపలికి వేడి చేరదు.

వంద గ్రాముల మెత్తబడిన వెన్నలో నాలుగు వెల్లుల్లి రెబ్బల ముద్ద, సన్నగా తరిగిన పార్స్‌లీ, చిటికెడు ఉప్పు కలిపి, సందులను వేళ్ళతో విప్పుతూ చెంచా వెనకతో లోపలి గోడలకు పూయండి. వెన్న ముందు, చీజ్ తరువాత: వెన్న పూత చీజ్ తడి బ్రెడ్‌లోకి ఇంకకుండా కాస్త అడ్డుకుంటుంది. ఆపైన 250 గ్రాముల చీజ్ తురుమును అడుగు వరకు దిగేలా కూరండి. నీళ్ళలో ఉంచి అమ్మే తాజా మొజరెల్లాలో సగానికి పైగా నీరే కాబట్టి, ఇక్కడ అది పనికిరాదు. తడి తక్కువగా ఉండే గడ్డ మొజరెల్లా కావాలి.

అసలు కిటుకు ఫాయిల్‌లో ఉంది. బ్రెడ్‌ను అల్యూమినియం ఫాయిల్‌తో పూర్తిగా చుట్టి, 180 డిగ్రీల వేడిలో ఇరవై నిమిషాలు ఉంచితే లోపలి ఆవిరి బయటికి పోకుండా చీజ్‌ను కరిగిస్తుంది, పైభాగం మాడదు. తరువాత ఫాయిల్ పైన విప్పి మరో ఎనిమిది, పది నిమిషాలు ఉంచితే రంగు వస్తుంది. విప్పే ముందు నడిమధ్య గడి సందులోకి సన్నని కత్తి దింపి, అయిదు సెకన్లు ఆగి తీసి, మణికట్టు లోపలివైపు మెల్లగా తాకించి చూడండి. వెచ్చగా తగిలితే విప్పండి. చల్లగా ఉంటే ఇంకో అయిదు నిమిషాలు ఆగండి.

ప్రశ్న: పని తగ్గుతుందని ముందు రోజే బ్రెడ్ కొని ఫ్రిజ్‌లో పెట్టాను. మరుసటి రోజుకు బిరుసెక్కింది. కవరు గట్టిగా మూసే పెట్టానే!

జవాబు: బ్రెడ్ బిరుసెక్కడానికి తడి ఆరిపోవడం ఒక్కటే కారణం కాదు. ఫ్రాన్స్‌కు చెందిన రసాయన శాస్త్రవేత్త బుస్సాంగో 1852లోనే గాలి చొరబడకుండా మూసిన బ్రెడ్ కూడా బిరుసెక్కుతుందనీ, దాన్ని తిరిగి 60 డిగ్రీలకు వేడిచేస్తే మెత్తబడుతుందనీ చూపించారు. కాల్చినప్పుడు నీరు పీల్చి ఉబ్బిన పిండిపదార్థం చల్లారాక మళ్ళీ గట్టి స్ఫటికాలుగా పేరుకుంటుంది. ఆ మార్పు ఫ్రిజ్ చల్లదనంలోనే అన్నిటికన్నా వేగంగా జరుగుతుంది. కనుక ఒక రోజుకైతే బ్రెడ్‌ను గదిలోనే గుడ్డలో చుట్టి ఉంచండి, అంతకు మించి అయితే ముక్కలు కోసి డీప్ ఫ్రీజర్‌లో పెట్టి నేరుగా ఓవెన్‌లోకి మార్చండి. ఇప్పుడు బిరుసెక్కిన దాన్ని పారేయకండి. పైన కాసిని నీళ్ళు చిలకరించి ఆరేడు నిమిషాలు వేడిచేస్తే తిరిగి కోలుకుంటుంది, అయితే ఆ మెత్తదనం వేడి ఉన్నంతసేపే.

ముందుగా చేసుకోగల పనులు వేరే ఉన్నాయి. చీజ్ తురిమి డబ్బాలో పెట్టవచ్చు, వెల్లుల్లి వెన్న కలిపి ఫ్రిజ్‌లో ఉంచవచ్చు, ఉదయాన్నే బ్రెడ్ ముక్కలు కాల్చి, పూర్తిగా చల్లారాక మూత బిగిసే డబ్బాలో వేసుకోవచ్చు. వెల్లుల్లిని నూనెలో వేసి గది వేడిలో నిలవ ఉంచడం మాత్రం ఎప్పుడూ చేయకండి. గాలి తగలని ఆ నూనెలో ప్రాణాపాయం కలిగించే బొటులిజం విషం పుట్టే అవకాశం ఉంది.

ప్రశ్న: వేడి చీజ్ డిప్ చేసి, డొల్ల చేసిన బ్రెడ్‌లో పోశాను. కాసేపటికి డిప్ రవ్వరవ్వగా విరిగిపోయింది.

జవాబు: పొయ్యి మీద మరిగించి ఉంటారు. డిప్ బుడగలు కక్కకూడదు. రెండు వందల గ్రాముల చీజ్ తురుముకు ఒక టీ చెంచా తెల్లని కార్న్‌ఫ్లోర్ (మొక్కజొన్న గంజిపిండి) ముందే పట్టించి, వెచ్చని పాలలో గుప్పెడు గుప్పెడుగా వేస్తూ, ఒక గుప్పెడు కరిగాకే మరొకటి వేస్తూ కలపండి. పిండి రేణువులు ప్రోటీన్ల మధ్య చేరి అవి ముద్దకట్టకుండా అడ్డుపడతాయి. చివర్లో రెండు మూడు చుక్కల నిమ్మరసం కలిపితే ఇంకా నునుపుగా వస్తుంది, ఎక్కువైతే మాత్రం పాలు విరుగుతాయి. బ్రెడ్ డొల్లను కూడా పోసే ముందు పది నిమిషాలు ఓవెన్‌లో ఆరనివ్వండి.

ప్రశ్న: మా ఇంట్లో ఓవెన్ లేదు. చేయలేమా?

జవాబు: చేయగలరు. మందపాటి పెనం మీద బ్రెడ్‌ను ఒకవైపు కాల్చి, తిప్పి, కాలిన వైపు చీజ్ తురుము పరచండి. సెగ బాగా తగ్గించి, పెనం అంచున ఒక చెంచా నీళ్ళు పోసి వెంటనే మూత పెట్టండి. ఆవిరికి రెండు మూడు నిమిషాల్లో చీజ్ కరుగుతుంది, అడుగు కరకరలాడుతుంది. పైన ఎర్రని రంగు రాదు, అంతే తేడా. మైక్రోవేవ్‌లో మాత్రం బ్రెడ్ సాగుడుగా తయారవుతుంది కాబట్టి నేను సిఫారసు చేయను.

ప్రశ్న: వచ్చే అతిథుల్లో ఒకరు గర్భిణి, ఇద్దరు పూర్తి శాకాహారులు. ఏం జాగ్రత్తలు తీసుకోవాలి?

జవాబు: పిలిచే ముందే ఇది ఆలోచించినందుకు మిమ్మల్ని మనస్ఫూర్తిగా అభినందిస్తున్నాను. బ్రీ, కామెంబేర్ లాంటి బూజుపొర ఉన్న మెత్తని చీజ్‌లలో లిస్టీరియా అనే బాక్టీరియా పెరిగే అవకాశం ఉంది. అది ఫ్రిజ్ చల్లదనంలో కూడా పెరుగుతుంది, గర్భస్థ శిశువుకు ప్రమాదం తెస్తుంది. లోపలిదాకా ఆవిరి కక్కేంత వేడిచేస్తే అది నశిస్తుంది గానీ, మనం ముంచుకుని తినడానికి చేసే చక్రం నడిమధ్య అంత వేడెక్కిందని కంటితో చూసి చెప్పలేము. ఆ అతిథికి పాశ్చరైజ్ చేసిన పాలతో తయారైన చెడార్ లాంటి గట్టి చీజ్‌తో వేరుగా, బుడగలు వచ్చేదాకా కాల్చిన ముక్కలు చేసి పెట్టండి. అందరికీ అదే చేస్తే ఇంకా మంచిది, ఆమెను విడిగా కూర్చోబెట్టినట్టు ఉండదు.

శాకాహారుల విషయంలో పాలను తోడుపెట్టే రెన్నెట్ ఏదో చూడాలి. సంప్రదాయంగా దాన్ని దూడ కడుపు నుంచి తీస్తారు; పర్మిజానో రెజ్జానో పేరుతో అమ్మే చీజ్‌కు అదే వాడాలన్న నియమం కూడా ఉంది. సూక్ష్మజీవుల నుంచి తయారైన రెన్నెట్ వాడిన చీజ్‌లు చాలా దొరుకుతాయి. పెట్టె మీది వివరాలు చదివి, స్పష్టంగా లేకపోతే ఆ చీజ్ కొనకండి.

ప్రశ్న: పక్కన ఏం పెట్టాలి? మిగిలితే దాచవచ్చా?

జవాబు: చీజ్ కొవ్వుకు పులుపూ, తీపీ, కరకరా తోడు కావాలి. ద్రాక్షపళ్ళు, పుల్లని ఆపిల్ ముక్కలు, వేయించిన అక్రోట్లు, ఊరవేసిన దోస ముక్కలు చాలు. తేనె పోస్తే చాలా బాగుంటుంది, అయితే ఏడాది నిండని పిల్లలకు తేనె పెట్టకూడదు కాబట్టి చంటిబిడ్డ ఉన్న ఇంట్లో దాన్ని చీజ్ మీద పోయకుండా వేరే గిన్నెలో ఉంచండి.

బల్ల మీద రెండు గంటలకు మించి ఉన్నదాన్ని దాచవద్దు. అంతకు ముందే తీసి ఫ్రిజ్‌లో పెట్టిన కామెంబేర్‌ను మర్నాడు మళ్ళీ ఓవెన్‌లో పెడితే నూనె వదిలేస్తుంది. దాన్ని ముక్కలు చేసి వేడి ఆలుగడ్డ ముద్దలోనో, అప్పుడే ఉడికించి వార్చిన పాస్తాలోనో వేసి మూత పెట్టండి. ఆ వేడికే మెల్లగా కరిగి కలిసిపోతుంది. మిగిలిన కాల్చిన బ్రెడ్‌ను చేత్తో నలిపి, పైన చల్లుకోండి.